హైదరాబాద్ లీగ్‌లో క్లబ్ క్రికెటర్‌గా నిలబడడం ఎలా?

"మావాడికి పదిహేడేళ్ళు, బాగా ఆడతాడు. ఏ క్లబ్‌లో వేయాలి?" "నాకు ఇరవై ఒకటి. ఇప్పుడు లెదర్ బాల్ మొదలుపెడితే ఆలస్యమైనట్టేనా?" "డబ్బు కడితే లీగ్‌లో ఆడిస్తామంటున్నారు, కట్టొచ్చా?" నన్ను తరచూ అడిగే ప్రశ్నలు ఇవే. ఒక్కొక్కరికీ విడిగా చెప్పే బదులు అన్నీ ఒకచోట రాస్తున్నాను.

లీగ్‌లో ఆడేవాళ్ళలో రంజీ (రాష్ట్ర జట్ల మధ్య జరిగే ట్రోఫీ) దాకా వెళ్ళేది ఏ కొద్దిమందో. పదేళ్ళు ఆడి, ఆ ఆట ద్వారానో దాని పక్కనో ఒక ఉద్యోగం చూసుకుని, ముప్పై దాటాక కూడా తెల్లబట్టలు వేసుకుని గ్రౌండుకు వచ్చేవాళ్ళే ఎక్కువ. కింద రాసింది ఇద్దరికీ పనికొస్తుంది గానీ, నేను ముఖ్యంగా రెండోవాళ్ళను తలుచుకునే రాశాను.

ముందు దగ్గర పెట్టుకోవలసినవి

కాగితాలు: మున్సిపల్ బర్త్ సర్టిఫికెట్, ఆధార్, పదో తరగతి మెమో, ఫొటోలు. అన్నింట్లో పేరు స్పెల్లింగూ పుట్టిన తేదీ ఒకటే ఉండాలి. ఒకదాంట్లో ఇంటిపేరు ముందు, ఇంకోదాంట్లో చివర ఉంటే ఇప్పుడే సరిచేయించుకోండి. సెలక్షన్ వారంలో మీసేవ చుట్టూ తిరగడం కన్నా పెద్ద టెన్షన్ లేదు.

సామాను: సొంత ప్యాడ్లు, గ్లవ్స్, గార్డు, థై ప్యాడ్, హెల్మెట్. బూట్లు రెండు జతలు, ఒకటి స్పైక్స్, ఒకటి రబ్బరు సోలు. బ్యాట్ విషయంలో తొందరపడకండి. మొదటి సీజన్‌కి మంచి కశ్మీర్ విల్లో చాలు. పొదుపు చేయకూడనిది హెల్మెట్ దగ్గర. పాతది ఎవరైనా ఇస్తామన్నా వద్దనండి, లోపల చీలిక ఉంటే పైకి కనబడదు.

సమయం: లీగ్ మ్యాచ్‌లు శని, ఆదివారాలకే పరిమితం కాదు. మామూలు రోజుల్లో కూడా పొద్దున్నుంచి సాయంత్రం దాకా ఉంటాయి. కాలేజీలోనో ఆఫీసులోనో దీనికి ముందే ఒప్పుకోలు తీసుకోవాలి.

ఒక నోటుపుస్తకం. దీని సంగతి ఐదో మెట్టులో వివరంగా చెబుతాను.

1. మీ వయసు ఏ గడిలో పడుతుందో చూసుకోండి

బీసీసీఐ టోర్నీల్లో అబ్బాయిలకు అండర్-16లో విజయ్ మర్చంట్ ట్రోఫీ, అండర్-19లో కూచ్ బెహార్, వినూ మన్కడ్ ట్రోఫీలు, అండర్-23లో సి.కె. నాయుడు ట్రోఫీ ఉన్నాయి. ఆపైన అంతా సీనియర్లే: రంజీ, విజయ్ హజారే, సయ్యద్ ముస్తాక్ అలీ. వయసును సెప్టెంబర్ 1 నాటికి లెక్కిస్తారు. ఆగస్టు చివర్లో పుట్టినవాడికీ సెప్టెంబర్ మొదట్లో పుట్టినవాడికీ వారమే తేడా, కానీ రెండోవాడికి ఇంకో సీజన్ దొరుకుతుంది.

హెచ్చరిక: వయసు తగ్గించి చూపే సలహా ఎవరిచ్చినా అక్కడినుంచి లేచి వచ్చేయండి. అండర్-16 అబ్బాయిలకు ఎడమ మణికట్టు ఎక్స్‌రే తీసి, టీడబ్ల్యూ-3 పద్ధతిలో ఎముక వయసు లెక్కగడతారు. దొంగ కాగితాలతో దొరికితే రెండేళ్ళు నిషేధం. పదిహేనేళ్ళ పిల్లవాడికి రెండేళ్ళు పోతే ఒక వయసు గడి పూర్తిగా పోయినట్టే.

2. క్లబ్ ఎంచుకోండి

ఎక్కువమంది తప్పటడుగు వేసేది ఇక్కడే, అందుకే కాస్త ఎక్కువ చెబుతాను.

హైదరాబాద్ క్రికెట్ అసోసియేషన్ 1934లో మొదలైంది. దాని కింద క్లబ్బులు డివిజన్లుగా ఆడతాయి. సాధారణంగా పై డివిజన్‌లో మూడు రోజుల మ్యాచ్‌లు, దాని కింద రెండు రోజులవి, మరీ కింద ఒక్కరోజువి. గెలిచే క్లబ్ పైకి ఎక్కుతుంది, ఓడేది దిగుతుంది. సెలక్టర్ల చూపు సహజంగానే పై డివిజన్ మీద ఉంటుంది. అందుకని అందరూ పేరున్న క్లబ్ కోసమే ఎగబడతారు. అక్కడ రైల్వేలోనో బ్యాంకులోనో పనిచేసే సీనియర్లు, రంజీ ఆడి వచ్చినవాళ్ళు ముందే కుదురుకుని ఉంటారు. కొత్తగా చేరిన కుర్రాడు డ్రింక్స్ మోస్తూ సీజన్ గడిపేస్తాడు. "రేపు రా తమ్మీ, కిట్టు తెచ్చుకో, చూద్దాం" అని కెప్టెన్ అంటాడు. ఆ "చూద్దాం" మార్చి దాకా సాగుతుంది.

నా సలహా: మొదటి రెండు సీజన్లు మీకు పదకొండు మందిలో ఖాయంగా చోటు దొరికే క్లబ్‌లో ఆడండి, అది కింది డివిజన్ అయినా సరే. బ్యాటర్ అయితే మొదటి నలుగురిలో దిగాలి, బౌలర్ అయితే కొత్త బంతి వేసే ఇద్దరి తర్వాత మొదటి మార్పుగానైనా బంతి చేతికి రావాలి. ఏడో నంబర్లో దిగి, ఓవర్లు అయిపోయి, తొమ్మిది పరుగులతో నాటౌట్‌గా మిగిలితే ఎవరూ మిమ్మల్ని చూడరు. మీకైనా మీ ఆట ఏమిటో తెలియదు.

క్లబ్ సెక్రటరీని, కెప్టెన్‌ను సూటిగా అడగవలసినవి:

- పోయిన సీజన్‌లో లీగ్ మ్యాచ్‌లు ఎన్ని ఆడారు? వానకు ఎన్ని పోయాయి?
- నేను దిగే స్థానంలో ఇప్పుడు ఎవరున్నారు? వాళ్ళు ఈ ఏడాది కూడా ఆడతారా?
- నెట్స్ ఎక్కడ, వారానికి ఎన్ని రోజులు? బంతులు ఎవరు కొంటారు?
- ఇంటి మ్యాచ్‌లు మ్యాట్ (నేల మీద పరిచే చాప) మీదా, టర్ఫ్ (గడ్డి పిచ్) మీదా?

నాలుగింటికీ జవాబు రాకపోతే ఇంకో క్లబ్ చూసుకోండి. క్లబ్‌ను నడిపేది ఎవరో కూడా వాకబు చేయండి. హైదరాబాద్‌లో ఒకే కుటుంబం చేతిలో పలు క్లబ్బులు ఉండడం పాత జబ్బు. 2023లో సుప్రీంకోర్టు నియమించిన జస్టిస్ లావు నాగేశ్వరరావు కమిటీ దీనిమీదే చర్యలకు దిగింది. ఇలాంటిచోట పేరు ఒక క్లబ్‌లో ఉండి, మనిషి ఇంకో క్లబ్ బెంచీ మీద ఉండే ప్రమాదం ఉంది.

డబ్బు సంగతి: అకాడమీకి నెల ఫీజు కట్టడం మామూలే, అది శిక్షణకు. మ్యాచ్‌లో ఆడించడానికో జట్టులో పేరు వేయించడానికో అడిగితే కట్టకండి. కట్టినవాడి చోటు ఇంకెవరైనా ఎక్కువ కట్టేదాకే ఉంటుంది.

అమ్మాయిలకు దారి కొంచెం వేరు. మగవాళ్ళలా డివిజన్ల లీగ్ చిక్కగా ఉండదు కాబట్టి మంచి అకాడమీ, అసోసియేషన్ ట్రయల్స్ ఈ రెండే ముఖ్యం. మిథాలీ రాజ్ మొదలుపెట్టింది సికింద్రాబాద్ సెయింట్ జాన్స్ అకాడమీలో, అబ్బాయిల పక్కన. భద్రాచలం నుంచి వచ్చిన గొంగడి త్రిష 2025 అండర్-19 ప్రపంచకప్‌లో స్కాట్లాండ్ మీద సెంచరీ కొట్టింది. మహిళల అండర్-19 ప్రపంచకప్పుల్లో అదే మొదటి సెంచరీ. జిల్లాల వాళ్ళు ఇది గుర్తుంచుకోండి: తెలంగాణ అంతా హైదరాబాద్ అసోసియేషన్ కిందికే వస్తుంది.

3. రిజిస్ట్రేషన్

ఒక సీజన్, ఒకే క్లబ్. ఫారం క్లబ్ ద్వారా వెళుతుంది. సంతకం చేసేముందు క్లబ్ పేరు రాసి ఉందో లేదో చూడండి, ఖాళీ ఫారం మీద సంతకం పెట్టకండి. నింపిన ఫారాన్ని ఫొటో తీసుకోండి. క్లబ్ మారాలంటే బదిలీకి ఇచ్చిన గడువులోనే మారాలి. అది దాటితే ఆ ఏడాది అంతే.

సరిచూసుకోవడం: మొదటి మ్యాచ్‌కు ముందే మీ పేరు జాబితాలో ఎక్కిందా, స్పెల్లింగ్ సరిగ్గా ఉందా అని సెక్రటరీని అడగండి. రిజిస్టర్ కాని ఆటగాడు ఆడితే జట్టుకు పాయింట్లు పోతాయి. అప్పుడు తిట్లు తినేది మీరే.

4. మ్యాట్ నుంచి టర్ఫ్‌కు అలవాటు పడండి

కింది డివిజన్లలో చాలా చోట్ల మ్యాట్ మీదే ఆడతారు. నేల చదును చేసి, మ్యాట్‌ను లాగి పరిచి, అంచుల్లో మేకులు కొడతారు. మ్యాట్ బిగుతుగా ఉంటే బంతి ఒకే ఎత్తులో, మంచి బౌన్సుతో వస్తుంది. కట్, పుల్ ఆడేవాడికి పండగే. స్పిన్నర్‌కి కూడా పట్టు దొరికి తిరుగుతుంది. అదే బ్యాటర్ టర్ఫ్ మీదికి వస్తే వెనక్కి జరిగి ఆడిన బంతి మోకాలి కింద తగులుతుంది. అంపైర్ వేలెత్తుతాడు.

బ్యాటర్లు చేయవలసింది: టర్ఫ్ నెట్స్ దొరికిన రోజు షాట్లు కొట్టకండి. మొదటి అరగంట ముందుకాలు వేసి ఆడడం, వదిలేయడం, అంతే. సిమెంటు పిచ్ మీద ఎంత సాధన చేసినా టర్ఫ్ అలవాటు కాదు. టర్ఫ్ దొరక్కపోతే మట్టి నేల మీద పాత బంతితో త్రోడౌన్లు (దగ్గర నుంచి చేత్తో విసిరే బంతులు) వేయించుకోండి. ఎత్తు తెలియని బంతి అక్కడ మాత్రమే దొరుకుతుంది.

బౌలర్లు: మ్యాట్ మీద బౌన్స్ ఇచ్చిన లెంగ్త్ టర్ఫ్ మీద బ్యాటర్‌కు తీరిక ఇస్తుంది. బంతిని బ్యాటర్ వైపు ఇంకో ఒకటి రెండడుగులు ముందుకు వేయండి. నాలుగు ముక్కల లెదర్ బంతితోనే సాధన చేయండి. రెండు ముక్కల చవక బంతి స్వింగ్ అయ్యే తీరే వేరు.

హెచ్చరిక: మ్యాట్ మీద స్పైక్స్ వేసుకోకండి. మ్యాట్ చిరుగుతుంది, కాలు ఇరుక్కుని మడమ మెలిపడుతుంది. వాన పడిన టర్ఫ్ మీద రబ్బరు సోలుతో బౌలింగ్ వేస్తే జారిపడతారు. కిట్‌లో రెండు జతలూ ఉండాలని అందుకే చెప్పాను.

ఇంకో సంగతి, కొత్తవాళ్ళకు విచిత్రంగా ఉంటుంది: మన గ్రౌండుల్లో ఫీల్డింగ్ కేకలు సగం తెలుగులో, సగం దక్కనీలో ఉంటాయి. "ఆగే ఆ మియా" అని కెప్టెన్ అరిస్తే ముందుకు జరగండి, అర్థం తర్వాత అడగొచ్చు.

5. మీ లెక్క మీరే రాసుకోండి

లీగ్‌లో మీ స్కోర్లను మీ తరఫున దాచిపెట్టేవాళ్ళు ఉండరు. పేపర్లో వచ్చే రెండు లైన్ల స్కోర్లలో పేరు తారుమారవుతుంది, ఒకే పేరున్న ఇద్దరి పరుగులు కలిసిపోతాయి. అందుకని రోజు ఆట ముగిశాక ఇద్దరు స్కోరర్ల షీట్లూ చూసి, మీ లైను సరిపోయిందో లేదో గమనించి, ఫొటో తీసుకోండి. తేడా ఉంటే అక్కడికక్కడే, మర్యాదగా, కెప్టెన్ ద్వారా చెప్పించండి. షీటు వెళ్ళిపోయాక ఎవరూ దిద్దరు.

ఇంటికి వచ్చాక నోటుపుస్తకంలో ఒక లైను. ఇలా:

"జింఖానా, రెండు రోజుల మ్యాచ్. 22కి 2 ఉన్నప్పుడు నాలుగో నంబర్లో దిగాను. 74 బంతుల్లో 31. లంచ్ తర్వాత రెండో ఓవర్, లెఫ్టార్మ్ స్పిన్నర్, కవర్లో క్యాచ్."

పరుగుల కన్నా ఆ చివరి ముక్కే విలువైనది. సీజన్ ముగిశాక అవుటైన తీరులన్నీ ఒకచోట రాస్తే జబ్బు ఎక్కడుందో తెలిసిపోతుంది. సగం పైన బౌల్డ్, ఎల్బీ అయితే నాలుగో మెట్టుకు తిరిగి వెళ్ళండి. విరామం తర్వాత మొదటి మూడు ఓవర్లలో పదేపదే అవుటవుతుంటే అది టెక్నిక్ లోపం కాదు, భోజనం తగ్గించి, దిగేముందు పది బంతులు తట్టించుకుంటే చాలావరకు పోతుంది.

ఇక సగటు లెక్క. పద్నాలుగు ఇన్నింగ్స్, మూడుసార్లు నాటౌట్, 418 పరుగులు అనుకుందాం. నాటౌట్లు తీసేసి, 418ని పదకొండుతో భాగిస్తే 38. బాగానే ఉంది. ఇప్పుడు అందులోంచి బలహీనమైన జట్టు మీద కొట్టి అవుటైన 126 తీసేయండి: 292ని పదితో భాగిస్తే 29.2. మీ అసలు సీజన్ ఇది. రెండు అంకెలూ రాసిపెట్టుకోండి. ఊళ్ళో చెప్పుకోవడానికి మొదటిది, సాధనకు రెండోది.

ఎవరి మీద కొట్టారన్నది పై స్థాయిలోనూ చూస్తారు. హైదరాబాద్ తరఫున రంజీలో అత్యధిక వ్యక్తిగత స్కోరు 366. ఎం.వి. శ్రీధర్ 1993-94లో ఆంధ్ర మీద కొట్టాడు, ఆ ఇన్నింగ్స్‌లో జట్టు 944కి 6 దగ్గర డిక్లేర్ చేసింది. తన్మయ్ అగర్వాల్ 2024 జనవరిలో అరుణాచల్ ప్రదేశ్ మీద అంతే కొట్టాడు, 147 బంతుల్లో ట్రిపుల్ సెంచరీ చేసి, ఫస్ట్‌క్లాస్ క్రికెట్‌లోనే అత్యంత వేగమైనదిగా రికార్డు పెట్టాడు. అయినా "ప్లేట్ గ్రూపు కదా" (బలహీన జట్లు ఆడే గ్రూపు) అన్నవాళ్ళు ఉన్నారు. అంత కొట్టినవాడినే వదలనప్పుడు కింది డివిజన్ సెంచరీకి ఎంత తూకం వేస్తారో ఊహించుకోండి.

బౌలర్లూ ఇలాగే. 186 ఓవర్లు, 527 పరుగులు, 31 వికెట్లు అంటే సగటు 17, ముప్పై ఆరు బంతులకో వికెట్. అందులో మొదటి ఆరుగురు బ్యాటర్ల వికెట్లు ఎన్నో పక్కన రాయండి. పన్నెండే అయితే మీరు తోక కోసే బౌలర్, అంటే చివర్లో దిగే బ్యాటర్లనే అవుట్ చేసేవాడు. అదీ ఒక పనే, కానీ కొత్త బంతి అడిగేముందు ఆలోచించుకోండి. ఫాస్ట్ బౌలర్లు వారంలో నెట్స్‌తో కలిపి ఎన్ని బంతులు వేశారో కూడా రాయాలి. ఒక వారం హఠాత్తుగా రెట్టింపు చేస్తే నడుము ఊరుకోదు. నడుము కింది భాగంలో ఒకే చోట నొప్పి వస్తే బామ్ రాసుకుని ఆడకండి, ఎముకల డాక్టర్‌కి చూపించండి.

6. సెలక్షన్ పిలుపు కోసం

లీగ్ స్కోర్లను బట్టి, ట్రయల్స్‌ను బట్టి ప్రాబబుల్స్ (జట్టుకు పరిశీలించేవాళ్ళు) పేర్లు వస్తాయి. ఈ దశలో మీ చేతిలో ఉన్నవి ఫిట్‌నెస్, ఫీల్డింగ్. నెట్స్‌లో పది బంతులు ఆడి ఆకట్టుకోవడం అదృష్టం. స్లిప్‌లో నిలబడి క్యాచ్‌లు వదలకపోవడం మాత్రం ఇంట్లో గోడకు బంతి కొట్టి నేర్చుకోవచ్చు.

డబ్బు ఎంతొస్తుందని అందరూ అడుగుతారు. క్లబ్ క్రికెట్‌లో దాదాపు ఏమీ రాదు, పైగా ప్రయాణం, బంతులు, భోజనం మీ జేబులోంచే. 2021లో బీసీసీఐ సవరించిన లెక్క ప్రకారం, ఇరవై మ్యాచ్‌ల లోపు ఆడిన రంజీ ఆటగాడికి తుది జట్టులో ఉంటే రోజుకు 40,000, రిజర్వులో ఉంటే అందులో సగం. నాలుగు రోజుల మ్యాచ్‌కి 1,60,000, ఏడు లీగ్ మ్యాచ్‌లూ ఆడితే 11 లక్షల పైచిలుకు. అంకె బాగుంది, కానీ ఆ చోట్లు పదకొండే. దీన్ని చూసి డిగ్రీ మానేసేవాళ్ళు ఏటా కనిపిస్తారు.

ఇక్కడ దారి మూసుకుపోతే ఇంకో రాష్ట్రం కూడా ఒక మార్గమే. హనుమ విహారి హైదరాబాద్ వదిలి ఆంధ్రకు వెళ్ళాక టెస్టు ఆటగాడయ్యాడు. అయితే అసోసియేషన్ నుంచి నిరభ్యంతర పత్రం ఉండాలి. అది కూడా రంజీ దరిదాపుల్లో ఉన్నవాళ్ళకే వర్తించే సంగతి.

7. చదువు, ఉద్యోగం

యూనివర్సిటీ జట్టుకు ఆడండి. క్లబ్ వాళ్ళు విసుక్కున్నా సరే. రైల్వే లాంటి సంస్థల స్పోర్ట్స్ కోటాలో రాష్ట్ర జట్టు, అంతర విశ్వవిద్యాలయ టోర్నీల సర్టిఫికెట్లు అడుగుతారు. లీగ్‌లో కొట్టిన సెంచరీకి అక్కడ గడి ఉండదు. పైగా ఇటీవలి సీజన్ల ఆటనే లెక్కలోకి తీసుకుంటారు కాబట్టి, సర్టిఫికెట్ చేతికొచ్చిన ఏడాదే నోటిఫికేషన్లు వెతకండి. ఐదేళ్ళ తర్వాత తీస్తే అది గోడకు తగిలించుకోవడానికే.

ఒకప్పుడు మన ఊళ్ళో బ్యాంకు ఉద్యోగం క్లబ్ క్రికెటర్‌కి పెద్ద ఆసరా. స్టేట్ బ్యాంక్ ఆఫ్ హైదరాబాద్ 2017లో ఎస్‌బీఐలో, ఆంధ్రా బ్యాంక్ 2020లో యూనియన్ బ్యాంక్‌లో కలిసిపోయాయి. పెద్దవాళ్ళు "ఆడితే బ్యాంకు వాళ్ళే పిలుస్తారు" అంటే ఆ కాలం మాట అనుకోండి.

తరచూ చూసే పొరపాట్లు

రెండు రోజుల మ్యాచ్ మధ్య రాత్రి ఫ్లడ్‌లైట్ల కింద టెన్నిస్ బాల్ టోర్నీ ఆడడం. ప్రైజ్ మనీ వస్తుంది, నిజమే. మర్నాడు బ్యాట్ తొందరగా వస్తుంది, భుజం పట్టేస్తుంది.

ఏటా క్లబ్ మార్చడం. ప్రతిచోటా మళ్ళీ ఏడో నంబర్ నుంచే మొదలవుతుంది. రెండు సీజన్లు బాగా ఆడి, పై డివిజన్ వాళ్ళు పిలిస్తేనే కదలండి.

కొత్త బ్యాట్‌ను కవర్ తీసిన రోజే మ్యాచ్‌కు తేవడం. నూనె పట్టించి, చెక్క సుత్తితో అంచులు బాగా తట్టి, కొన్నిరోజులు పాత బంతులతో ఆడాక తీసుకురండి.

తల్లిదండ్రులు బౌండరీ దగ్గర నిలబడి కోచింగ్ ఇవ్వడం, రాత్రి సెలక్టర్‌కి ఫోన్ చేయడం. పిల్లవాడి పేరు గుర్తుంటుంది, మంచిగా కాదు.

ఇరవై దాటాక లెదర్ బాల్ మొదలుపెట్టేవాళ్ళు సిరాజ్ పేరు చెబుతారు. హైదరాబాద్‌లోని ఫస్ట్ లాన్సర్ కుర్రాడు, టెన్నిస్ బాల్‌తో పెరిగి 2015లో రంజీ ఆడాడు, 2016-17లో 41 వికెట్లు తీశాడు. ఫాస్ట్ బౌలర్‌కి అది సాధ్యమే, వేగం ఎవరికైనా కనబడుతుంది. బ్యాటర్‌కి నేను అంత ధైర్యం చెప్పలేను. ఆడండి, ఉద్యోగం వదలకండి.

8. ఇరవై మూడు దాటాక

అండర్-23 గడి మూసుకున్న ఏడాది, మీ నోటుపుస్తకం ముందు పెట్టుకుని చూడండి. పై డివిజన్‌లో వరుసగా రెండు సీజన్లు, ఆ రెండో రకం సగటు (బలహీన జట్టు మీది పరుగులు తీసేసినది) 40 దాటిందా? బౌలర్ అయితే మొదటి ఆరుగురి వికెట్లు సగం పైన ఉన్నాయా? ఇవి నా గీతలే, నియమం కాదు. దాటితే ఇంకో రెండేళ్ళు గట్టిగా ప్రయత్నించండి. దాటకపోతే ఉద్యోగాన్ని ముందు పెట్టి, మ్యాచ్‌లకు సెలవులు కుదిరే క్లబ్‌కు మారండి.

ఆడుతూనే ఇంకో పని నేర్చుకోవచ్చు. అంపైరింగ్, స్కోరింగ్ పరీక్షలు ఉంటాయి, బీసీసీఐ లెవల్-1 కోచింగ్ కోర్సు ఉంటుంది. హైదరాబాద్‌కు లెఫ్టార్మ్ స్పిన్ వేసిన ఆర్. శ్రీధర్ తర్వాత భారత జట్టు ఫీల్డింగ్ కోచ్ అయ్యాడు. మన ఊరి షంషుద్దీన్ అంతర్జాతీయ అంపైర్ అయ్యాడు. దరఖాస్తు మాత్రం ఆట మానేయకముందే పెట్టండి. మానేసి మూడేళ్ళయ్యాక వెళితే సెక్రటరీ మారిపోయి ఉంటాడు, మిమ్మల్ని ఎరిగి సంతకం పెట్టేవాళ్ళు క్లబ్‌లో దొరకరు.